కరకరలాడే ఆల్చిప్పల వడ



ఈ పూట ఒక వేపుడు వంటకం గురించి చెప్పుకుందాం. దీని సొంత చోటు చైనా ఆగ్నేయ తీరంలోని ఫుజియాన్ రాష్ట్రం. ఆ రాష్ట్ర రాజధాని ఫూజౌలో దీన్ని హైలీ బింగ్ అంటారు. జలసంధి దాటి తైవాన్ వెళితే దీని చుట్టం కనిపిస్తుంది, అక్కడి పేరు ఓతె. రెండింటి తయారీ దాదాపు ఒకే తీరు. బియ్యమూ సోయా చిక్కుళ్ళూ కలిపి రుబ్బిన పిండి కింద ఒక పొర, పైన ఒక పొర. నడుమ ఆల్చిప్పల మాంసం, సన్నగా తరిగిన కూర. నూనెలో వేగి పైకి తేలేసరికి అరచేయంత బంగారు రంగు వడ. కొరికితే పైపెచ్చు కరకరలాడాలి, లోపల ఆల్చిప్ప మెత్తగా, రసం నిండుగా ఉండాలి.

పూర్ణం బూరెలు చేసే చేతికి ఈ కట్టుబడి కొత్త కాదు. బూరెలో మినప్పప్పు, బియ్యం రుబ్బిన పిండి లోపలి పూర్ణానికి నూనె తగలకుండా కాపాడుతుంది. ఇక్కడ ఆ పని సోయా, బియ్యం చేస్తాయి. అయితే పూర్ణం ఉడికి గట్టిపడిన ముద్ద. ఆల్చిప్ప మాంసంలోనో, సుమారు ఐదింట నాలుగు పాళ్ళు నీరే. ఆ నీరు ఉన్నందుకే అంత రుచి. వంటవాళ్ళను ఏడిపించేదీ ఆ నీరే.

వేపుడు బాగా కుదిరితే మనం నూనెను మెచ్చుకుంటాం, మంటను మెచ్చుకుంటాం. అసలు జరిగేది ఇది. పైపొరలో నీరు ఆవిరై పోతే కరకర వస్తుంది. లోపలి నీరు లోపలే నిలిస్తే మెత్తదనం మిగులుతుంది. ఒకే వడలో ఈ రెండూ ఒకేసారి జరగాలి. అందుకే ఈ వంట మొదటి నుంచి చివరి దాకా నీటి లెక్క అంటాను. బియ్యం నానబెట్టిన నీటి దగ్గర మొదలుపెట్టి, ఆల్చిప్ప పెరిగిన నీటి దాకా ఆ లెక్క చూసుకుంటూ పోదాం.

ముందు ఆ తీరం సంగతి కొంచెం. ఫుజియాన్ పొడుగునా నదులు సముద్రంలో కలిసే చోట్ల, మంచినీరూ ఉప్పునీరూ కలగలిసే చోట్ల ఆల్చిప్పలు పెరుగుతాయి. ప్రపంచంలో సాగయ్యే ఆల్చిప్పల్లో నూటికి ఎనభైకి పైగా చైనావే. ఆ దేశంలో ఫుజియాన్‌ది మొదటి వరస.

ఆ తీరపు జనం ఆల్చిప్పను తిని ఊరుకోలేదు. దానితో వంతెన కట్టారు. చూవాన్‌జౌ అనే పాత రేవుపట్నం దగ్గర లువోయాంగ్ వంతెన అని ఒక రాతి వంతెన ఉంది. 1053లో పని మొదలై 1059లో పూర్తయింది. దాన్ని పూర్తి చేయించినవాడు అక్కడి పాలనాధికారి త్సాయ్ శ్యాంగ్. అందమైన దస్తూరికి చైనాలో నేటికీ తలచుకునే మనిషి, తేయాకు గురించీ లిచీ పండ్ల గురించీ గ్రంథాలు రాసినవాడు. వంతెన కట్టాల్సిన చోటు నదీముఖం, ఆటుపోట్ల తాకిడి ఎక్కువ. నది అడుగున బండరాళ్ళు పరిచి, వాటి మీద స్తంభాలు లేపారు. పరిచిన రాళ్ళు ప్రవాహానికి జరగకుండా ఉండాలి కదా. అందుకని వాటి మీద ఆల్చిప్పలను పెంచారు. ఆల్చిప్ప పిల్ల ఒకసారి రాతికి అంటుకుందంటే బతికినంత కాలం అక్కడే. తనలోంచి వచ్చే సున్నంతో రాతికి అతుక్కుంటుంది, పక్కనున్న పెంకుకూ అతుక్కుంటుంది. అలా లెక్కలేనన్ని పెంకులు విడివిడి రాళ్ళను కలిపి కట్టేశాయి. ఎన్నో మరమ్మతులు జరిగినా ఆ వంతెన నేటికీ నిలిచే ఉంది. చూవాన్‌జౌ పాత కట్టడాలకు 2021లో యునెస్కో ప్రపంచ వారసత్వ గుర్తింపు ఇచ్చినప్పుడు ఇదీ వాటిలో ఒకటి.

అదే పట్నం శివారులో షున్‌పు అనే బెస్తపల్లె ఉంది. అక్కడ పెద్ద పెద్ద ఆల్చిప్ప పెంకులను వరసలు పేర్చి కట్టిన ఇళ్ళ గోడలు ఇంకా చూడవచ్చు. ఉప్పుగాలి వాటిని ఏమీ చేయలేదు. మన కోస్తాలో కూడా గుల్లలు కాల్చి, ఆ సున్నంతో గోడలు కట్టిన కాలం ఉంది కాబట్టి ఆ పనితనం విలువ మనకు తెలుసు. ఇంకొక సంగతి. మార్కో పోలో జైతూన్ అని రాసిన మహా రేవు ఈ చూవాన్‌జౌయే. మన మోటుపల్లి గురించీ, ఆ రాజ్యాన్ని ఏలిన రాణి గురించీ రాసినది కూడా అతడే. సముద్ర వ్యాపారులకు భద్రత హామీ ఇస్తూ కాకతి గణపతిదేవుడు మోటుపల్లిలో అభయ శాసనం వేయించింది 1244లో. అంటే ఆ కాలపు నావికుల నోళ్ళలో ఈ రెండు రేవుల పేర్లూ నలిగినవే.

ఇక తైవాన్. దాని పడమటి తీరంలో చాంగ్‌హువా జిల్లా, ఫాంగ్‌యువాన్ ప్రాంతంలో వాంగ్‌గాంగ్ అనే రేవు గ్రామం ఓతెకు పేరుపడింది. అక్కడ పాటు వేళకు సముద్రం వెనక్కి తగ్గి, బురద మేట చాలా దూరం బయటపడుతుంది. ఆ బురదలోకి ఎడ్లబండ్లు కట్టుకుని పోయి ఆల్చిప్పలు కోసుకొచ్చేవారు. బురదలో కూరుకుపోకుండా నడవడం ఆ ఎడ్లకు నేర్పిన విద్య. ఇప్పుడు ఎక్కువగా యంత్రాల బండ్లు పోతున్నాయి. పెంకు విప్పే పని మాత్రం చేతిదే. ఆడవాళ్ళు గుట్టలకొద్దీ పెంకులు ముందేసుకుని, పొట్టి కత్తితో ఒక్కొక్కటీ విప్పి మాంసం తీస్తారు. ఆ వడ వెనక ఉన్న కష్టంలో ఎక్కువ పాలు వాళ్ళదే.

ఈ రెండు తీరాల ఆల్చిప్ప చిన్నది. శాస్త్రజ్ఞులు దాన్ని పోర్చుగీసు ఆల్చిప్ప అని పిలుస్తారు గాని అది ఆసియాదే. కొన్ని వందల ఏళ్ళ కిందట ఓడలను పట్టుకుని యూరప్ చేరిందని జన్యు పరీక్షల్లో తేలింది. చిన్నది కావడం ఈ వడకు మేలు చేసింది. ఒక్కో వడలో మూడేసి పడతాయి, వేడి వాటి నడిమిదాకా తొందరగా చేరుతుంది.

ఇప్పుడు వంటింట్లోకి వద్దాం. కాగితం, కలం దగ్గర పెట్టుకోండి. పన్నెండు వడలకు కొలతలు చెబుతాను.

పిండికి బియ్యం 300 గ్రాములు, సోయా చిక్కుళ్ళు 100 గ్రాములు. మూడు పాళ్ళకు ఒక పాలు, అంతే గుర్తు. మామూలు సన్నబియ్యం చాలు. లోపలికి పెంకు తీసిన చిన్న ఆల్చిప్పల మాంసం 250 గ్రాములు, సన్నగా తరిగిన క్యాబేజీ 200 గ్రాములు, గుప్పెడు ఉల్లికాడలు, చిన్న అల్లం ముక్క, అర చెంచా మిరియాల పొడి, రెండు చెంచాల సోయా సాస్. చిలగడదుంప పిండి ఐదు పెద్ద చెంచాలు. అది దొరకకపోతే కార్న్‌ఫ్లోర్ వాడండి. తగినంత ఉప్పు. వేయించడానికి వేరుశనగ నూనె గాని తవుడు నూనె గాని. ఫూజౌలో లోపలికి కొంచెం పందిమాంసం కూడా కొట్టి వేస్తారు. వాంగ్‌గాంగ్‌లో క్యాబేజీతో పాటు వెల్లుల్లి వాసన వచ్చే ఒక రకం ఉల్లిఆకు వేస్తారు. మీరు ఉల్లికాడల్లో రెండు వెల్లుల్లి రెబ్బలు దంచి కలిపితే ఆ వాసనకు దగ్గరగా వస్తుంది.

సోయా చిక్కుళ్ళను ముందు రోజు రాత్రే నానబెట్టండి, ఎనిమిది గంటలు కావాలి. బియ్యానికి నాలుగు గంటలు చాలు. పొద్దున్నే సోయాను నీళ్ళలో పిసికితే పొట్టు పైకి తేలుతుంది, వంచేయండి. పొట్టు పోతే పచ్చివాసన తగ్గుతుంది, పిండి నునుపుగా వస్తుంది. రెండూ కలిపి మెత్తగా రుబ్బండి. రవ్వ తగలకూడదు. నీళ్ళు ఒకేసారి పోయకుండా కొద్దికొద్దిగా పోయండి. గరిటె వెనక భాగాన్ని పిండిలో ముంచి పైకి తీస్తే, ఆ పిండి జారిపోకుండా పలచని పొరగా పట్టి ఉండాలి. వేలితో గీత గీస్తే గీత నిలవాలి. అదే పదును. మరీ పలచనైతే పొర చిట్లుతుంది, మరీ చిక్కనైతే లోపల పచ్చిగా మిగులుతుంది. ఒక చెంచా ఉప్పు కలిపి అరగంట పక్కన పెట్టండి. పులియబెట్టే పని లేదు.

ఈ రెండు గింజల జోడీ ఎందుకో కూడా తెలుసుకోవాలి. గోధుమపిండిలో సాగుడు గుణం ఇచ్చే గ్లూటెన్ ఉంటుంది. దానితో చేసిన తొడుగు చల్లారితే తోలులా సాగుతుంది. బియ్యంలో గ్లూటెన్ లేదు. అందుకే బియ్యప్పిండి పొర పెళుసుగా ఎండుతుంది. బియ్యం ఒక్కటే వేస్తే మాత్రం గట్టిపడి పళ్ళకు పని చెబుతుంది, రంగు కూడా తెల్లగా పాలిపోయి ఉంటుంది. సోయాలోని మాంసకృత్తులూ కొవ్వూ ఆ గట్టితనాన్ని తగ్గిస్తాయి, ఎర్రని రంగును, కమ్మని వాసనను తెస్తాయి. ఒక జాగ్రత్త. పచ్చి సోయాలో అరుగుదలను అడ్డుకునే పదార్థం ఉంటుంది. వేడికి అది పోతుంది. కాబట్టి పొర పలచగా ఉండాలి, పూర్తిగా వేగాలి.

ఇక ఆల్చిప్పలు. ఎక్కడ దొరుకుతాయని అడుగుతారు. మన తీరంలో భీమునిపట్నం, కాకినాడ ప్రాంతాల ఉప్పుటేరుల్లో తినదగ్గ ఆల్చిప్పలు సహజంగానే ఉన్నాయి. వాటిని సాగు చేసే పద్ధతిని కేంద్ర సముద్ర మత్స్య పరిశోధన సంస్థ 1970లలో తూత్తుకుడిలో రూపొందించింది. కేరళలో మహిళా సంఘాలు దాన్ని అందిపుచ్చుకుని ఆల్చిప్పలు పెంచి అమ్ముతున్నాయి. అమెరికాలో ఉన్న మన వాళ్ళకు పెంకు తీసిన మాంసం సీసాల్లో, డబ్బాల్లో చలువ అరల్లోనే దొరుకుతుంది.

పెంకుతో కొంటే పెంకు బిగుసుకుని ఉండాలి. కొంచెం తెరుచుకున్నదాన్ని వేలితో తట్టితే మూసుకోవాలి. మూసుకోకపోతే అది చచ్చినదే, పారేయండి. సముద్రపు వాసన తప్ప ఇంకే వాసనా రాకూడదు. పెంకు విప్పడం అలవాటు లేనివారు అమ్మేవాళ్ళ చేతనే విప్పించుకోవడం మేలు. కత్తి జారితే అరచేతికి లోతుగా దిగుతుంది. ఇంటికి తెచ్చిన మాంసాన్ని ఫ్రిజ్‌లో 4 డిగ్రీల లోపు ఉంచి, ఆ రోజే వండండి.

కడగడం దగ్గర చాలామంది తొందరపడతారు. మాంసం మీద మూడు పెద్ద చెంచాల చిలగడదుంప పిండి, అర చెంచా ఉప్పు చల్లి, వేళ్ళతో నెమ్మదిగా కలపండి. గట్టిగా పిసికితే పొట్ట చిట్లుతుంది. ఒక నిమిషంలో ఆ పిండి బూడిద రంగుకు తిరుగుతుంది. జిగురునూ ఇసుకనూ అది లాగేసిందన్నమాట. చల్లని నీళ్ళలో రెండుసార్లు గబగబా జాడించి తీసేయండి. మంచినీళ్ళలో నానబెట్టి వదిలేస్తే ఆల్చిప్ప నీళ్ళు తాగి ఉబ్బుతుంది, తన ఉప్పదనాన్ని పోగొట్టుకుంటుంది. తర్వాత ఆ నీళ్ళన్నీ నూనెలో బయటపడతాయి. జల్లెడలో పది నిమిషాలు వడగట్టి, శుభ్రమైన గుడ్డ మీద పరిచి పైన అద్దండి. ఆపైన మిగిలిన రెండు చెంచాల చిలగడదుంప పిండి పలచగా పట్టించండి. వేడి తగలగానే ఈ పిండి జిగురుగా మారి, ఆల్చిప్ప వదిలే రసాన్ని దాని చుట్టూనే పట్టి ఉంచుతుంది. లోపలి నీరు లోపలే ఉండడానికి ఇది మొదటి కట్ట.

కూర సంగతి. తరిగిన క్యాబేజీలో ఉల్లికాడలు, అల్లం, మిరియాల పొడి కలిపి ఉంచండి. ఉప్పు, సోయా సాస్ మాత్రం మూకుడు పొయ్యి మీద కాగుతున్నప్పుడే కలపాలి. ముందే కలిపితే ఉప్పు ఆ కూరలోంచి నీరంతా బయటికి లాగుతుంది, గిన్నె అడుగున మడుగు కడుతుంది. ఆ తడి కూరతో కట్టిన వడ నూనెలో పేలుతుంది, లేదా మెత్తబడుతుంది.

ఇప్పుడు గరిటె. ఫూజౌ, వాంగ్‌గాంగ్ వంటవాళ్ళు దీనికోసం పొడుగు కాడ ఉన్న, లోతు తక్కువైన గుండ్రని ఇనుప గరిటె వాడతారు. ఇంట్లో మూడున్నర, నాలుగు అంగుళాల వెడల్పున్న స్టీలు గరిటె చాలు. కాడ పొడుగ్గా ఉండాలి. మూకుడులో మూడు అంగుళాల లోతు నూనె పోయండి. మూకుడు సగానికి మించి నిండకూడదు. నూనె 175 డిగ్రీలకు కాగాలి. వంటింటి ఉష్ణమాపకం ఉంటే మంచిది. లేకపోతే పిండి చుక్క వేసి చూడండి. అడుగుకు దిగి వెంటనే బుడగలతో పైకి లేస్తే సరైన కాక. అడుగునే ఉండిపోతే ఇంకా కాగాలి, వేయగానే నల్లబడితే మంట తగ్గించాలి.

గరిటెను ముందు ఆ నూనెలో ముంచి వేడెక్కించండి. నూనె వంచేసి, ఒక పెద్ద చెంచాడు పిండి వేసి, గరిటె అంచుల దాకా పరుచుకునేలా తిప్పండి. వేడి గరిటెకు తగిలి ఆ పొర కొంచెం గట్టిపడుతుంది. దాని మీద క్యాబేజీ కూర, కూర మీద మూడు ఆల్చిప్పలు ఒకే వరసలో, ఒకదాని మీద ఒకటి పడకుండా. మళ్ళీ పైన కొంచెం కూర. ఆపైన పిండి పోసి చెంచా వెనకతో అంచుల దాకా సర్దండి. అంచు దగ్గర కింది పొర, పై పొర కలిసిపోవాలి. ఎక్కడా సందు ఉండకూడదు. సందు ఉంటే లోపలి నీరు నూనెను కలుస్తుంది, నూనె చేతుల మీదికి ఎగురుతుంది. పిల్లలను ఆ సమయంలో పొయ్యి దగ్గరికి రానీయకండి.

ఆ గరిటెను వడతో సహా నూనెలోకి మెల్లగా దించి అలాగే పట్టుకోండి. ఇంకో గరిటెతో పైన వేడి నూనె పోస్తూ ఉండండి. ఒక నిమిషం దాటాక అంచులు ముడుచుకుని గరిటెను వదలడం మొదలుపెడతాయి. కొంచెం కదిపితే వడ జారి నూనెలో తేలుతుంది. జారకపోతే తొందరపడకండి, ఇంకొక అర నిమిషం ఆగండి. అప్పటికీ రాకపోతే చాకు మొనతో అంచు లేపండి. మొదటి వడ తర్వాత గరిటెకు నూనె పట్టి, మిగిలినవి సులువుగా ఊడి వస్తాయి. ఒక వాయికి రెండు మూడు మించి వేయకండి. ఎక్కువ వేస్తే నూనె కాక పడిపోతుంది.

కాక పడిపోతే ఏమవుతుంది? వడను నూనెలో వేయగానే పైపొరలోని నీరు ఆవిరై బుడగలుగా బయటికి వస్తుంది. ఆ ఆవిరి బయటికి తోసుకొస్తున్నంత సేపూ నూనె లోపలికి పోలేదు. కాక తగ్గితే ఆవిరి బలం తగ్గి, వడ నూనె తాగుతుంది. అందుకే నూనె జిడ్డు వద్దనుకునేవారు చల్లని నూనెలో నెమ్మదిగా వేయించడం మానుకోవాలి. బుడగల చప్పుడు వింటూ ఉండండి. మొదట గలగలమని పెద్దగా ఉంటుంది. పైపొరలో నీరు తగ్గేకొద్దీ ఆ చప్పుడు సన్నబడుతుంది. వడ వేగుతున్నదో లేదో చెవితోనే తెలిసిపోతుంది.

రెండు వైపులా తిప్పుతూ మొత్తం ఐదు నిమిషాలు వేయించి, లేత బంగారు రంగు రాగానే తీసి తీగల జల్లి మీద పెట్టండి. అన్నీ అయ్యాక నూనెను 190 డిగ్రీలకు కాగనిచ్చి, ఒక్కొక్క వాయినీ మళ్ళీ ఒక నిమిషం వేయించండి. మొదటి వేపుడు లోపల ఉడకడానికి, రెండోది పైన ఎండడానికి. మధ్యలో జల్లి మీద ఆగిన ఆ కొద్దిసేపట్లో లోపలి తడి కొంత పైపొరకు చేరుతుంది. రెండో వేపుడులో ఆ తడి కూడా ఎగిరిపోతుంది. అప్పుడు వచ్చే కరకర చాలాసేపు నిలుస్తుంది.

తీసిన వెంటనే వడను నిలువుగా పట్టి నూనె కారనివ్వండి. వేపుడు పదార్థాలు నూనె ఎక్కువగా పీల్చేది మూకుడులో ఉన్నప్పటికంటే బయటికి తీశాక చల్లారేటప్పుడు. లోపలి ఆవిరి చల్లబడి, పైన అంటిన నూనెను లోపలికి లాక్కుంటుంది. కాబట్టి పైన నూనె నిలవకుండా చూడాలి. ఆ తర్వాత డబ్బాలో పెట్టి మూత పెట్టకండి, ఒకదాని మీద ఒకటి పేర్చకండి. మూత కింద చేరిన ఆవిరి మీ శ్రమనంతా ఐదు నిమిషాల్లో మెత్తబరుస్తుంది.

ఆరోగ్యం గురించి గట్టిగా చెప్పాలి. ఆల్చిప్ప నీటిని వడగట్టి బతికే ప్రాణి. నీటిలో ఉన్న సూక్ష్మజీవులు కూడా దానిలో చేరతాయి. నోరోవైరస్ పోవాలంటే ఆల్చిప్ప నడిమి భాగం 85 నుంచి 90 డిగ్రీల వేడిలో కనీసం 90 సెకన్లు ఉండాలని జపాన్ ఆరోగ్య శాఖ చెబుతుంది. పెంకు తీసిన ఆల్చిప్పలను 190 డిగ్రీల నూనెలో కనీసం మూడు నిమిషాలు వేయించాలని అమెరికా ఆహార, ఔషధ సంస్థ చెబుతుంది. మన వడలో పైన పిండి పొర అడ్డం ఉంటుంది కాబట్టి ఇంకాస్త సమయం కావాలి. అందుకే మొత్తం ఆరు నిమిషాలు పెట్టాను. మొదటి వడను కోసి చూడండి. ఆల్చిప్ప అంచులు ముడుచుకుని, మాంసం గట్టిపడి, పొగలు కక్కుతూ ఉండాలి. అనుమానం ఉంటే ఇంకొంచెం వేయించండి. కాలేయ జబ్బు, మధుమేహం ఉన్నవారు, గర్భిణులు పచ్చి ఆల్చిప్పల జోలికి అసలు పోకూడదు. పెంకు జీవులు గాని సోయా గాని పడనివారు ఈ వడ తినకూడదు. సముద్రంలో కొన్ని రకాల నాచు విపరీతంగా పెరిగినప్పుడు ఆల్చిప్పల్లో చేరే విషం ఎంత వేడికీ పోదు. అలాంటి దాని నుంచి కాపాడేది నమ్మకమైన చోట కొనడం ఒక్కటే.

వేడివేడిగా తినండి. వెల్లుల్లి, మిరపకాయ దంచి, సోయా సాస్, కొంచెం చక్కెర, నాలుగు చుక్కల వెనిగర్ కలిపిన పచ్చడి దీనికి బాగా నప్పుతుంది. ఫూజౌలో ఇది పొద్దున్నే తినే పలహారం. దానితో గువోబియాన్ అనే వేడి రసం ఒక గిన్నెడు తాగుతారు. మూకుడులో రసం మరుగుతుండగా మూకుడు అంచుల చుట్టూ పలచని బియ్యప్పిండి పోస్తారు. అది అంచులకు పట్టి ఉడకగానే గీకి రసంలోకి తోస్తారు. కరకరలాడే వడ, మెత్తని పిండి రేకులు, రెండూ కలిస్తేనే వాళ్ళకు పొద్దు మొదలైనట్టు.

ఈ వడ ఫూజౌ వాళ్ళ వెంట సముద్రాలు దాటింది. 1901లో హువాంగ్ నైషాంగ్ అనే పెద్దమనిషి నాయకత్వంలో ఫూజౌ రైతులు నేటి మలేసియాలోని సరావాక్‌లో సిబూకు వలస వెళ్ళారు. 1903లో మరికొందరు ఆ దేశంలోనే పేరాక్ రాష్ట్రం, సితియావాన్ చేరారు. అదే పేరాక్‌లో, బాగన్ దాతో ప్రాంతపు తోటల్లో, మన తెలుగు కూలీ కుటుంబాలు స్థిరపడ్డాయి. వాళ్ళ సంతతివారు నేటికీ అక్కడ తెలుగు మాట్లాడుతున్నారు. సింగపూర్‌లోని ఫలహార కేంద్రాల్లో ఫూజౌ ఆల్చిప్ప వడ ఇప్పటికీ అమ్ముతున్నారు. అక్కడ ఉన్న మన శ్రోతలు ముందు ఒకటి తిని, ఆ కరకరను గుర్తుపెట్టుకుని, ఆ తర్వాత ఇంట్లో చేస్తే పని తేలికవుతుంది.

ఆల్చిప్పలు దొరకనివారు నిరాశ పడనక్కర్లేదు. వాంగ్‌గాంగ్ కొట్లలోనే ఇదే పిండితో రొయ్యల వడలు కూడా వేస్తారు. చెరువు రొయ్యల్లో దేశంలో మొదటి స్థానం ఆంధ్రప్రదేశ్‌దే కదా. చిన్న రొయ్యలు పొట్టు తీసి, నరం తీసి, గుడ్డతో తడి అద్ది, ఆల్చిప్పలకు చెప్పినట్టే చిలగడదుంప పిండి పట్టించండి. మిగిలిన పద్ధతంతా అదే.

ఇప్పుడు ఆ లెక్కలో మిగిలిన చివరి నీటి మాట. ఇంతసేపూ వంటింటి నీటి గురించి చెప్పాను. కాని ఈ వంట బాగుండడం, చెడడం మూకుడుకు చాలా ముందే, నదీముఖంలో తేలిపోతుంది. ఆల్చిప్ప కదలదు. నీరు బాగోలేదని ఇంకో చోటికి పోలేదు. తన మీదుగా పారే నీటినే వడగట్టి అందులోని నాచు తిని పెరుగుతుంది. అమెరికా తూర్పు తీరపు ఆల్చిప్ప ఒకటి, అన్నీ అనుకూలిస్తే, రోజుకు సుమారు 190 లీటర్ల దాకా నీటిని వడగడుతుంది. అంటే ఆల్చిప్పల మేటలు ఉన్న చోట నీరు తేటపడుతుంది. అది మనకు చేసే మేలు. మరి మనం ఆ నీటిలో విషం కలిపితే? 1986లో తైవాన్ నైరుతి తీరంలో అర్‌జెన్ నదీముఖం దగ్గర ఆల్చిప్పలు ఆకుపచ్చగా మారిపోయాయి. పాత లోహపు సామాన్లను కాల్చి, ఆమ్లంతో కడిగి రాగి తీసే పనుల వ్యర్థాలు ఆ నదిలో కలిశాయి. ఆ రాగి ఆల్చిప్పల్లో పేరుకుంది. అక్కడ ఆల్చిప్పలు పెంచుకునే కుటుంబాల బతుకు దెబ్బతింది. దాన్ని ఏ వంటవాడూ బాగుచేయలేడు. ఎంత వేడి నూనె అయినా రాగిని పోగొట్టలేదు.

మన గోస్తనీ ముఖద్వారం, మన కాకినాడ అఖాతం, మన కృష్ణా, గోదావరి ఉప్పుటేరులు ఇలాంటి ప్రాణులకు పుట్టిళ్ళు. ఊరి మురుగూ ఫ్యాక్టరీ మురుగూ శుద్ధి కాకుండా వాటిలో కలవకుండా ఆపగలిగితే, తూత్తుకుడిలో రూపొందిన ఆ సాగును మన బెస్తవాడల ఆడవాళ్ళు కూడా చేపట్టవచ్చు. దీనికి మేత కొనాల్సిన పని లేదు, చెరువు తవ్వాల్సిన పని లేదు. శుభ్రమైన నీరు ఒక్కటి ఉంటే చాలు. అది చిన్న కోరిక అని నేను అనను. కాని అడగదగ్గ కోరిక, అందరం కలిసి అడగాల్సిన కోరిక.

అందుకని ఆల్చిప్పలు కొనేటప్పుడు ధర అడిగే ముందు ఒక మాట అడగండి: ఇవి ఏ నీటిలో పెరిగాయి? సరైన జవాబు వస్తే కొనండి, రాకపోతే రొయ్యలతో చేసుకోండి. పిండి పదును చూసుకోండి, కూరలో ఉప్పు చివర్లో కలపండి, నూనె కాక తగ్గనివ్వకండి, రెండోసారి వేయించడం మరవకండి. ఇంటిల్లిపాదికీ వేడివేడిగా వడ్డించండి.